కంచె పక్కన కొంగలు, కంచె మీద కళ

సూళ్లూరుపేట దాటి తూర్పుగా శ్రీహరికోటకు వెళ్లే రోడ్డు పులికాట్ సరస్సును రెండుగా చీల్చుకుంటూ పోతుంది. మార్గశిర, పుష్య మాసాల్లో పొద్దుటి పూట ఆ దారిన వెళ్తే, రెండు వైపులా మోకాటి లోతైనా లేని నీళ్లలో రాజహంసలు బారులు తీరి కనిపిస్తాయి. అవి తలను తలకిందులుగా నీటిలో ముంచి, వంకర ముక్కును జల్లెడలా ఆడిస్తూ, బురదలోని నాచునూ పురుగునూ లోపల ఉంచుకుని నీటిని బయటికి చిమ్మేస్తాయి. చూడవచ్చినవారి మోటారు సైకిళ్లు ఆటకానితిప్ప దగ్గర ఆగుతాయి. ఉద్యోగుల బస్సులు ఆగకుండా ముందుకు సాగిపోతాయి. ఆ బస్సులు చేరే చోట గేటు ఉంది, కేంద్ర పారిశ్రామిక భద్రతా దళం కాపలా ఉంది. అనుమతి పత్రం లేనివారు అక్కడి నుంచి వెనుదిరగవలసిందే. రాజహంసలకు మాత్రం గేటుకు ఇవతల, అవతల అన్న తేడా లేదు. ఈ ప్రాంతం 2022 నాటి జిల్లాల విభజనలో తిరుపతి జిల్లాలోకి వెళ్లిపోయింది కానీ, పాత నెల్లూరు జిల్లా వారికి షార్ (శ్రీహరికోట రాకెట్ ప్రయోగ కేంద్రం) అంటే ఇప్పటికీ మన జిల్లాదే.

మనిషిని బయట నిలిపితే ప్రకృతి తనంతట తానే కోలుకుంటుందన్న మాట తరచుగా వినిపిస్తుంది. దానికి రుజువుగా అందరూ చూపించేది రెండు కొరియాల మధ్యనున్న సైనికరహిత మండలాన్ని. ఆ మండలం మీద గత కొన్నేళ్లలో చిత్రాలు, శిల్పాలు, నిర్మాణ నమూనాలు కూడా విరివిగా వచ్చాయి. కాపలా ఉన్న నేల, దానిలో పెరిగే ప్రాణి, దాన్ని చూసి కళాకారుడు చేసే పని అనే ఈ మూడింటినీ పులికాట్ ఒడ్డు నుంచి చూస్తే, ఆ ప్రసిద్ధమైన మాటలో సగమే నిజమని తేలుతుంది. కాపలా మనుషులను ఆపగలదు, అంతవరకు నిజమే. కానీ పక్షి కడుపు నింపేది చాలాసార్లు కంచె లోపలి అడవి కాదు, కంచె పక్కన మనిషి దున్నిన పొలం. కళ విషయమూ దాదాపు అంతే. లోపలికి వెళ్లలేని నేల గురించిన కళ అంచున నిలబడే తయారవుతుంది.

ముందు కొరియా సంగతి. 1953 జూలై 27న యుద్ధ విరమణ ఒప్పందం మీద సంతకాలయ్యాయి. అప్పటి సైనిక రేఖకు ఉత్తరాన రెండు కిలోమీటర్లు, దక్షిణాన రెండు కిలోమీటర్లు ఎవరి సేనలూ ఉండకూడదని గీత గీశారు. సముద్రం నుంచి సముద్రం దాకా దాదాపు 250 కిలోమీటర్ల పొడవున ద్వీపకల్పానికి అడ్డంగా పడిన పట్టీ ఇది. పేరుకు సైనికరహితం, వాస్తవానికి ప్రపంచంలో అత్యంత గట్టి కాపలా ఉన్న సరిహద్దుల్లో ఒకటి. దాని దక్షిణపు అంచును ఆనుకుని పౌర నియంత్రణ ప్రాంతమని మరొకటి ఉంది. అక్కడ పొలాలున్న రైతులు చెక్‌పోస్టులో పత్రం చూపించి లోపలికి వెళ్లి సేద్యం చేసుకుంటారు. దక్షిణ కొరియా జాతీయ జీవావరణ సంస్థ లెక్కల్లో ఈ ప్రాంతమంతటా 6,000కు పైగా జాతుల జీవులు నమోదయ్యాయి. ఆ దేశంలో అంతరించే ప్రమాదంలో ఉన్న జాతుల్లో మూడో వంతుకు పైగా ఇక్కడ కనిపిస్తాయి. కస్తూరి మృగం ఉంది, కొండ మేకలా ఉండే గోరల్ ఉంది. 2018లో ఒక ఆటోమేటిక్ కెమెరాకు ఆసియా నల్ల ఎలుగుబంటి పిల్ల కూడా చిక్కింది. యుద్ధానికి ముందు దున్నిన వరి మడులు వదిలేసిన తర్వాత చిత్తడి నేలలుగా మారాయి. వాటి గట్ల ఆనవాళ్లు ఇప్పటికీ పైనుంచి చూస్తే తెలుస్తాయి.

అయితే దాన్ని మనిషి తాకని స్వర్గమనడం తొందరపాటే. ఆ నేలలో పది లక్షలకు పైగా మందుపాతరలు ఉన్నాయన్నది తరచుగా చెప్పే అంచనా. పశువూ మృగమూ వాటి మీద కాలు వేయకుండా ఏ ఒప్పందమూ ఆపలేదు. ముళ్ల కంచెకు ముందు చూపు ఆనాలని రెండు వైపులా సైనికులు చెట్లు నరికారు, పొదలు తగులబెట్టారు. కొన్నిచోట్ల ఆ మంటలు అదుపు తప్పి అడవిలోకి పాకాయి. అందువల్ల అక్కడ కనిపించేది సహజమైన అడవి కాదు, ఒక ప్రత్యేకమైన మానవ వ్యవహారం పెంచిన అడవి. యుద్ధం కూడా ఒక విధంగా భూవినియోగమేనని ఆ నేల చూపిస్తుంది.

అసలైన విషయం ఆ మండలానికి దక్షిణ కొరియా వైపు అంచునున్న చొర్వన్ మైదానంలో ఉంది. ఏటా చలికాలంలో సైబీరియా, ఈశాన్య చైనా వైపు నుంచి నడినెత్తిన ఎర్రని మచ్చ ఉన్న సారసాలు, తెల్లమెడ సారసాలు అక్కడికి దిగుతాయి. అంత గడ్డకట్టే చలిలోనూ గడ్డకట్టని ఊట నీళ్లు వాటికి ఒక ఆధారం. రెండోది, ఇంకా పెద్దది, వరి కోతలు అయ్యాక మడుల్లో రాలి మిగిలిన గింజ. చొర్వన్ బియ్యానికి ఆ దేశంలో మంచి పేరుంది. పౌర నియంత్రణ ప్రాంతంలో పండే ఆ వరి పొలాల్లోనే పక్షులు మేస్తాయి. గడ్డిని పశువుల మేతకు కట్టలు కట్టి తీసుకుపోవడం ఎక్కువైన కొద్దీ పొలంలో మిగిలే గింజ తగ్గింది. దాంతో గడ్డిని పొలంలోనే వదిలేసే రైతులకు డబ్బు ఇచ్చే ఒప్పందాలు వచ్చాయి. మరోవైపు నియంత్రణ రేఖ మెల్లగా ఉత్తరానికి జరిగిన చోట్ల ప్లాస్టిక్ పాకల్లో కూరగాయల సాగు పెరిగి, సారసాలకు మేతభూమి తరిగింది. అంటే అక్కడి సారసాన్ని నిలబెడుతున్నది కంచె ఒక్కటే కాదు. కంచె వల్ల కట్టుబడిపోయిన రైతు, ఆ రైతు వరి, ఆ వరిలో రాలిన గింజ కలిస్తేనే ఆ పక్షి బతుకుతోంది.

ఈ మాట నెల్లూరు వైపు వాళ్లకు కొత్తగా ఉండదు. దొరవారిసత్రం దగ్గరి నేలపట్టు చెరువులో కడప చెట్ల మీద గూడబాతులు గూళ్లు కడతాయి. 1976లో దాన్ని పక్షి సంరక్షణ కేంద్రంగా ప్రకటించకముందే ఊరివాళ్లకు ఆ పక్షులతో ఒక లెక్క ఉండేది. పక్షి రెట్ట కలిసిన చెరువు నీళ్లు పారితే వరికి వేరే ఎరువు అంతగా అవసరం పడదని రైతులు గమనించారు, కాబట్టి పక్షిని తరమలేదు. గూడబాతు గూడు నేలపట్టులో, చేపలు పులికాట్‌లో. పిల్లల కోసం గొంతు సంచిలో చేప తెచ్చే ఆ పక్షి రోజూ వరి పొలాల మీదుగా, జాతీయ రహదారి మీదుగా సరస్సుకు వెళ్లి వస్తుంది. సూళ్లూరుపేట పక్కనే వెదురుపట్టులో ఎర్రకాళ్ల కొంగలు ఊరి నడుమ చింతచెట్ల మీదే గూళ్లు కడతాయి. ఇళ్ల మీద, వాకిళ్లలో రెట్టలు పడినా ఊరు సర్దుకుపోతుంది. ఈ రెండు ఊళ్లలోనూ తుపాకి పట్టిన కాపలాదారు లేడు.

ఇక శ్రీహరికోట. దీన్ని కొరియా సరిహద్దుతో నేరుగా పోల్చడం సరికాదు. ఇక్కడ శత్రువు లేడు, యుద్ధం జరగలేదు. తూర్పుగా ఎగిరే రాకెట్‌కు భూభ్రమణం తోడ్పడుతుంది, కింద సముద్రం ఉంటే విఫలమైన రాకెట్ శకలాలు మనుషుల మీద పడవు. ఈ లెక్క మీద 1969లో ఈ ద్వీపాన్ని ఎంపిక చేశారు. 1971 అక్టోబర్ 9న రోహిణి-125 అనే, పై వాతావరణాన్ని పరిశీలించే చిన్న సౌండింగ్ రాకెట్‌తో ప్రయోగాలు మొదలయ్యాయి. 2002లో కేంద్రానికి సతీశ్ ధావన్ పేరు పెట్టారు. దాదాపు 145 చదరపు కిలోమీటర్ల విస్తీర్ణంలో కట్టడాలు కొద్ది భాగమే, మిగిలినదంతా అడవి, ఇసుక, పొదలు. కోరమాండల్ తీరంలో దాదాపు అన్నిచోట్లా నరికివేతకు గురైన ఎండు సతతహరిత అడవి పెద్ద ముక్కగా మిగిలిన కొద్ది చోట్లలో ఇది ఒకటి. పాల, అల్లి, నేరేడు, ముష్టి చెట్లు, పేము పొదలు, వాటిలో రాత్రిపూట తిరిగే దేవాంగపిల్లి. ఊళ్లు ఖాళీ అయినప్పుడు వెనక మిగిలిన పశువులు అడవిపాలై, మంద మందగా మచ్చిక తప్పి పెరిగాయి. మనిషిని తీసేస్తే అడవి తిరిగి పాతరూపానికే వస్తుందనుకునేవారు ఆ పశువుల సంగతి కాస్త ఆలోచించవలసి ఉంటుంది.

ఆ అడవి అంతకుముందు ఎవరూ ఎరగనిది కాదు. మద్రాసు నగరం పొయ్యిలకు ఇక్కడి కట్టెలు బకింగ్‌హాం కాలువ మీదుగా పడవల్లో వెళ్లేవి. 1835లో ద్వీపం ఈస్టిండియా కంపెనీ ప్రభుత్వం చేతికి వచ్చాక, అడవి సరుకు సేకరణకు అక్కడి గిరిజనులైన యానాదులను పనికి పెట్టి బదులుగా ధాన్యం ఇచ్చే ఏర్పాటు నడిచింది. ఏ పొదలో తేనె ఉందో, ఏ నీటి చెలమ ఎండాకాలంలోనూ ఊరుతుందో, ఏ దుంప ఎప్పుడు తవ్వాలో యానాదులకు తెలిసినంతగా మరెవరికీ తెలియదు. రాకెట్ కేంద్రం వచ్చాక పల్లెలు ఖాళీ అయ్యాయి. యానాదుల్లో కొందరికి కేంద్రంలోనే కూలి పనులు, చిన్న ఉద్యోగాలు దొరికాయి. అడవి మిగిలింది, దాన్ని చదవగలిగిన కళ్లు అడవి నుంచి దూరమయ్యాయి. వృక్షశాస్త్రజ్ఞులు తర్వాత వచ్చి జాతుల జాబితాలు రాసుకున్నారు, ఆ పని విలువైనదే. కానీ జాబితాలో ఒక మొక్క పేరు ఉండడం వేరు, ఆ మొక్కతో ఏం చేయాలో ఒకరికి తెలిసి ఉండడం వేరు.

ఇక్కడే కళ ప్రస్తావన సహజంగా వస్తుంది. కలంకారీ బట్ట మీది ఎరుపు ఒకప్పుడు చిరివేరు నుంచి వచ్చేది. చిరివేరు మొక్క తూర్పు తీరపు ఇసుక నేలల్లో పెరుగుతుంది. పైకి జానెడు కూడా ఉండదు, కిందికి మాత్రం దారంలా సన్నగా, లోతుగా వేరు దిగుతుంది. ఆ వేరు పైతొక్కలోనే రంగు ఉంటుంది. ఇసుకలో నెమ్మదిగా తవ్వకపోతే తెగిపోతుంది, కాబట్టి తవ్వడమూ నేర్చుకోవలసిన పనే. పటికతో పాటు అల్లి ఆకు కూడా ఆ అద్దకంలో తోడుపడేది. అల్లి చెట్టు నేలలోని అల్యూమినియంను ఆకుల్లో పోగు చేసుకుంటుంది, ఆ లోహమే ఎరుపును బట్టకు పట్టిస్తుంది. రసాయన శాస్త్రం ఈ సంగతి చెప్పకముందే తీరాంధ్ర అద్దకపువారి చేతులకు అది తెలుసు. శ్రీహరికోట లాంటి ఇసుక అడవి అంటే అద్దకపువారికి రంగుల కొట్టు అన్నమాట. చిరివేరు మూలపడడానికి మాత్రం కంచెను నిందించకూడదు. 1869 ప్రాంతంలో జర్మనీ రసాయనికులు ఆ వేరులోని ఎరుపు పదార్థమైన అలిజరిన్‌ను ప్రయోగశాలలో తయారు చేశారు. ఆ చౌక ఎరుపు ముందు వేరు తవ్వే కూలి గిట్టుబాటు కాలేదు. కంచె పడేనాటికే ఆ రంగు దాదాపు పోయింది. అయితే ఇప్పుడు ఎవరైనా దాన్ని తిరిగి తీసుకురావాలనుకుంటే, ఆ ఇసుక దిబ్బల మీద తవ్వడానికి అనుమతి దొరకదు.

కొరియాలో కళాకారులకు ఎదురైన చిక్కూ ఇలాంటిదే: విషయం లోపల, తాము బయట. 2012లో కిమ్ సన్‌జంగ్ అనే క్యూరేటర్ మొదలుపెట్టిన రియల్ డీఎంజెడ్ ప్రాజెక్ట్ (డీఎంజెడ్ అంటే ఆ సైనికరహిత మండలమే) చొర్వన్ చుట్టుపక్కల పరిశీలన కేంద్రాల్లో, పాడుబడిన స్టేషన్‌లో, సొరంగాల దారిలో కళాకృతులను పెట్టింది. సందర్శకుడు అనుమతి తీసుకుని, సైనికుల నిఘాలో, బస్సులో తిరుగుతూ వాటిని చూడాలి. నియంత్రణ ప్రాంతంలో 1970ల్లో వెలసిన యాంగ్‌జీ-రి పల్లెలో ఒక ఇంటిని కళాకారుల నివాసంగా మార్చారు. ఆ పల్లెను కట్టడంలోనే ప్రచార ఉద్దేశం ఉంది, ఎదుటి దేశానికి కనిపించేలా జనాన్ని కుదురుపరచడం. అటువంటి చోట నెలల తరబడి ఉన్న కళాకారుడికి సారసాలతో పాటు, వాటిని పొలంలో మేయనిచ్చే రైతులు, చెక్‌పోస్టు వేళలు, పొద్దుకూకితే బయటపడవలసిన నియమం అన్నీ కనిపిస్తాయి. వచ్చి పోయే ఒక రోజు సందర్శనలో కనిపించనివి ఇవే.

శిల్పి లీ బుల్ మరో దారి పట్టారు. 2018 సెప్టెంబరులో రెండు కొరియాలు కుదుర్చుకున్న సైనిక ఒప్పందం ప్రకారం అదే ఏడాది నవంబరులో రెండు వైపులా కొన్ని కాపలా గూళ్లను కూల్చారు. ఆ శిథిలాల నుంచి వచ్చిన ఇనుమును కరిగించి పోత పోసి, కాపలా బురుజును తలపించే గోపురంలాంటి శిల్పం చేశారు. 2019 వెనిస్ ద్వైవార్షిక ప్రదర్శనలో దాన్ని ఉంచారు. అంటే అది కంచె గురించి చేసిన బొమ్మ కాదు, కంచె శరీరమే రూపం మార్చుకున్న వస్తువు. 2023 నవంబరులో ఆ ఒప్పందం చెడి, ఉత్తరం వైపు కాపలా గూళ్లు మళ్లీ లేచాయి. శిల్పంలోకి వెళ్లిన ఇనుము మాత్రం వెనక్కి రాలేదు.

కొరియా కళాకారిణి చోయ్ జే-ఉన్ ఆలోచన ఇంకా సాహసమైనది. నేల మీద మందుపాతరలు ఉన్నాయి కాబట్టి నేలను తాకకుండా, చెట్ల ఎత్తున వెదురుతో ఒక వంతెన నిర్మించి, దాని మీది నుంచి మనుషులు ఆ అడవిని చూడాలని ఆమె ప్రతిపాదించారు. జపాన్ వాస్తుశిల్పి షిగెరు బాన్ దానికి రూపకల్పనలో తోడ్పడ్డారు. 2016 వెనిస్ వాస్తుశిల్ప ప్రదర్శనలో నమూనా చూపించారు. వంతెన కట్టలేదు, ఇప్పట్లో కట్టే అవకాశమూ కనిపించదు. విమర్శకుడికి ఇందులో ఒక సందేహం రావాలి: మనిషి అడుగు పడకపోవడం వల్ల మిగిలిందని చెప్పే అడవి మీదికి మనిషిని తీసుకెళ్లడం ఎందుకు? కానీ ఆ నమూనా ఒక మంచి పని చేసింది. ఆ పట్టీ ఒకనాడు సరిహద్దు కాకుండా పోతే దాన్ని ఏం చేయాలన్న ప్రశ్నను ముందుగానే బల్ల మీద పెట్టింది. జర్మనీ అనుభవం చూస్తే ఆ ముందుచూపు అవసరమే. 1989లో తూర్పు, పశ్చిమ జర్మనీల సరిహద్దు తెరుచుకున్న నెల రోజులకే, డిసెంబరులో ప్రకృతి పరిరక్షకులు సమావేశమై దాదాపు 1,400 కిలోమీటర్ల ఆ పట్టీని హరిత పట్టీగా ఉంచాలని తీర్మానించారు. అయినా చాలాచోట్ల నాగళ్లు, రోడ్లు దాన్ని తుంచేశాయి. బెర్లిన్‌లో మిగిలిన 1.3 కిలోమీటర్ల గోడ మీద 1990లో 118 మంది చిత్రకారులు బొమ్మలు వేశారు. కాపలా పోయాక గోడ కాన్వాసు కావడానికి పట్టిన కాలం చాలా తక్కువ.

కాపలా నేలలో కళ ఎంత పెళుసో దొరాసన్ రైల్వే స్టేషన్ కథ చెబుతుంది. ఉత్తరానికి దారి తెరుచుకుంటుందన్న ఆశతో సరిహద్దుకు దగ్గరగా కట్టిన ఆ స్టేషన్‌లో ప్రభుత్వం కోరిక మీద చిత్రకారుడు లీ బాన్ 14 కుడ్యచిత్రాలు గీశారు, 2007లో పూర్తయ్యాయి. స్టేషన్‌కు ఆ బొమ్మలు నప్పలేదంటూ 2010లో ప్రభుత్వమే వాటిని ఊడదీయించింది, తర్వాత తగలబెట్టారు. చిత్రకారుడికి చెప్పనైనా లేదు. ఆయన కోర్టుకు వెళ్లారు. తన సొత్తైన కృతి అయినా గీసినవాడి గౌరవానికి హాని కలిగేలా నాశనం చేయడానికి ప్రభుత్వానికి హక్కు లేదన్న వాదనను ఒప్పుకుని, పరిహారం ఇవ్వాలన్న తీర్పును 2015లో ఆ దేశ సుప్రీంకోర్టు ఖాయం చేసింది. సైన్యం నీడలో ఉన్న చోట బొమ్మ గీయించుకునేవారే దాని యజమానులు, కాపలాదారులు, ధ్వంసకులు కూడా కావచ్చు.

మన వైపు చూస్తే ఈ రకమైన కళ దాదాపు లేదనే చెప్పాలి. ఏటా చలికాలంలో సూళ్లూరుపేట, నేలపట్టు పరిసరాల్లో ఫ్లెమింగో ఫెస్టివల్ జరుగుతుంది. పడవ షికారు, స్టాళ్లు, వేదిక మీద సినిమా పాటలు, నృత్యాలు ఉంటాయి. జనం వేల సంఖ్యలో వస్తారు, పిల్లలు పక్షులను చూస్తారు, అది తక్కువ విషయం కాదు. కానీ రాజహంస అక్కడ వేదిక వెనక ఫ్లెక్సీ మీది బొమ్మగానే ఎక్కువగా మిగిలిపోతుంది. 2019లో ప్రయోగాలను చూడడానికి షార్ ఒక గ్యాలరీ తెరిచింది. దొరాసన్ దగ్గర కొండ మీద దుర్భిణి పెట్టి ఉత్తర దేశాన్ని చూపించినట్లే, ఇక్కడ కూర్చుని దూరాన లేచే నిప్పును చూస్తారు. చూపు అంతా ఆకాశం మీదే. ఆ చూపు కిందికి దించి, కాళ్ల కింది ఇసుకనూ, ఖాళీ అయిన పల్లె పేరునూ, చిరివేరునూ చూపించే బొమ్మ గానీ శిల్పం గానీ ఇంకా రావలసే ఉంది. ప్రయోగానికి ముందు శాస్త్రవేత్తలు దర్శించుకునే చెంగాళమ్మ గుడికి తలుపులు మూయరు. అంత కట్టుదిట్టమైన గేటుకు దారి తీసే ఊళ్లోనే అలాంటి గుడి ఉండడం ఏ కళాకారుడి కంటా పడకపోవడం కాస్త విచిత్రమే.

2025 జనవరిలో కేంద్ర మంత్రివర్గం శ్రీహరికోటలో మూడో ప్రయోగ వేదికకు ఆమోదం ఇచ్చింది. కంచె ఇంకా చాలాకాలం ఉంటుందన్నమాట. ఆ అడవికి అది మేలే కావచ్చు. సరస్సు పరిస్థితి వేరు. కేంద్రానికి వెళ్లేందుకు పోసిన రోడ్డు కట్ట పులికాట్‌లో నీటి కదలికకు అడ్డుపడింది. రాయదొరువు దగ్గర ముఖద్వారం పూడిపోయి సముద్రపు పోటు లోపలికి సరిగా రాదు. ఎండాకాలం వచ్చేసరికి సరస్సు ఉత్తర భాగం ఎండి, ఉప్పు తేలి తెల్లబడుతుంది. యానాదుల, పట్టపుకాపుల వలలకు చేప తగ్గుతుంది, వారితో పాటు గూడబాతుకూ తగ్గుతుంది. రోడ్డు కింద నీరు పారే దారులు ఎన్ని ఉండాలి, ముఖద్వారాన్ని ఎప్పుడెప్పుడు తవ్వాలి, నేలపట్టు చెరువుకు ఏ నెలలో ఎంత నీరు చేరాలి అన్నవి కంచెకు ఇవతల తేలవలసిన లెక్కలు. వాటికి ఏ గేటు దగ్గరా పత్రం చూపించనక్కర లేదు.